పాలగ్లాసు కొలత: అనంతపురం అవ్వకు, అమెరికా డాక్టరుకు నడుమ

అనంతపురం నుంచి వీడియో కాల్‌లో అవ్వ మొదట అడిగే మాట "పిల్లోనికి పాలు తాపినావా?" అనే. ఇక్కడ అమెరికాలో ఏడాది నిండిన చెకప్‌కు తీసుకుపోతే పిల్లల డాక్టరు అడిగేదీ పాల గురించే, కాకపోతే మరీ ఎక్కువ తాగుతున్నాడేమోనని. ఇద్దరికీ కావలసింది బిడ్డ బలమే. అవ్వ పెరిగింది ఏడాదికి సుమారు 550 మి.మీ. వాన పడే జిల్లాలో. చెనిక్కాయ పంట ఎండిన ఏడు ఇల్లు గడిచింది ఎనుము పాలతోనే. ఆ పాలు డైరీకి పోసి, ఇంటికి మజ్జిగ మిగుల్చుకున్న కాలంలో పిల్లోనికి గ్లాసు నిండా పాలివ్వడం చిన్న విషయం కాదు. 1970లో పాల ఉత్పత్తి పెంచే ఆపరేషన్ ఫ్లడ్ పథకం మొదలై, 1998 నాటికి మన దేశం పాల ఉత్పత్తిలో ప్రపంచంలో మొదటి స్థానానికి చేరినా, పాలంటే ఆ గౌరవం ఇళ్ళలో అలాగే ఉంది. బయటి దేశాల్లో మాత్రం పాల స్థానం కొంచెం కిందికి జరిగింది. కెనడా 2019 ఆహార సూచికలో పాలకు విడిగా ఉన్న వర్గాన్ని తీసేసి, పప్పులు, గుడ్లు, మాంసంతో పాటు ప్రొటీన్ ఆహారాల్లో కలిపింది. పాలు పనికిరావని దాని అర్థం కాదు. పాలు లేకపోతే బిడ్డ పెరగడన్న భయం అక్కరలేదని మాత్రమే.

ఇంతకీ ఎన్ని పాలు? ఏడాది లోపు బిడ్డకు ఆవుపాలు, ఎనుము పాలు తాగే పాలుగా వద్దంటారు అమెరికా పిల్లల డాక్టర్లు. తల్లిపాలు, లేదంటే ఫార్ములా, అంటే పసిబిడ్డల డబ్బాపాలు. ఏడాది నుంచి రెండేళ్ళ దాకా రోజుకు 480 నుంచి 720 మి.లీ., అవీ వెన్న తీయని హోల్ మిల్క్. రెండు నుంచి అయిదేళ్ళ దాకా 480 నుంచి 600 మి.లీ. చాలు. చిక్కంతా గ్లాసు దగ్గరే. ఇక్కడ కప్పు అంటే 240 మి.లీ. అవ్వ ఇంట్లో పొడుగు స్టీలు గ్లాసు 300 దాకా పడుతుంది. పొద్దున ఒకటి, సాయంత్రం ఒకటి, పడుకునేటప్పుడు ఒకటి అంటే 900 అయింది. ఊరికి పోయిన మొదటి రోజే కొలకప్పుతో నీళ్ళు పోసి ఆ గ్లాసు ఎంతో చూసుకోండి. లోపల 200 దగ్గర గీత ఎక్కడొస్తుందో అవ్వకే చూపించండి. "తగ్గించు" అని చెప్పడం కన్నా "ఇంతవరకు పొయ్యి అవ్వా" అని చెప్పడం ఆమెకు సులువు.

ఎక్కువైతే ఏమవుతుంది? రక్తం తగ్గుతుంది. లీటరు ఆవుపాలలో ఇనుము అర మిల్లీగ్రాము కూడా సరిగా ఉండదు. ఒకటి నుంచి మూడేళ్ళ బిడ్డకు రోజుకు 7 మిల్లీగ్రాములు కావాలి. మూడు గ్లాసులతో కడుపు నిండితే పప్పన్నం ముట్టడు. తిన్న కాస్తలోని ఇనుమును కూడా పాలలోని కాల్షియం, కేసీన్ అనే ప్రొటీన్ పూర్తిగా ఒంటికి పట్టనియ్యవు. బిడ్డ బొద్దుగా, తెల్లగా ఉంటాడు, చూసినవాళ్ళు మంచి పుష్టి అంటారు. కింది కనురెప్ప లోపల పాలిపోయి ఉంటుంది. మన పక్క పిల్లలు బలపాలు, మట్టి తింటారే, అదే లోటు ఇక్కడి పిల్లల్లో ఐసు ముక్కలు నమలడంగా కనబడొచ్చు. పన్నెండో నెలలో హీమోగ్లోబిన్ పరీక్ష అందరు పిల్లలకూ చేయిస్తారు. పాలు బాగా తాగే బిడ్డయితే ఫెరిటిన్ కూడా చూడమని మీరే అడగండి. రక్తం తగ్గక ముందే ఒంట్లో ఇనుము నిల్వ తరుగుతుంది, అది ఫెరిటిన్‌లోనే తెలుస్తుంది. ఐరన్ చుక్కలు రాసిస్తే పాలతో కలిపి ఇవ్వొద్దు. భోజనానికీ పాలకూ గంటా రెండు గంటల ఎడం పెట్టండి, పప్పులో నిమ్మకాయ పిండండి.

రాత్రి నోట్లో పాలసీసాతో పడుకునే అలవాటు ఏడాది దాటితే మాన్పించాలి. ముందుపళ్ళు పుచ్చేది అక్కడే. ఒక్కసారిగా లాగేస్తే రాత్రంతా ఏడుపే. రెండు రోజులకోసారి 30 మి.లీ. తగ్గిస్తూ పోతే 180 మి.లీ. సీసా పన్నెండు రోజుల్లో ఖాళీ అవుతుంది. ఆ తర్వాత నీళ్ళు చాలు.

వేసవి సెలవుల్లో ఊరికి పోతే పాలు మారతాయి. ఇక్కడ రెండు శాతం కొవ్వు పాలకు అలవాటైన పిల్లలకు ఎనుము పాలు ఒక్కసారిగా బరువవుతాయి, వాటిలో కొవ్వు 6 నుంచి 8 శాతం. ప్యాకెట్ మీద టోన్డ్ అని ఉంటే 3 శాతం, స్టాండర్డైజ్డ్ అయితే 4.5, ఫుల్ క్రీమ్ అయితే 6. మొదటి వారం టోన్డ్ పాలే కాచి ఇవ్వండి. ఇంట్లో పితికిన పాలైతే పొంగు వచ్చేదాకా కాచాల్సిందే. పచ్చిపాలతో బ్రూసెల్లోసిస్ అనే జ్వరం వంటి జబ్బులు వస్తాయి. ఇక్కడ పాశ్చరైజ్ చేసిన పాలను కాచకపోయినా ఫరవాలేదు.

ఊళ్ళో విరేచనాలైతే నీళ్ళు పడలేదంటారు. చాలాసార్లు నిజమే. కానీ విరేచనాలు తగ్గాక కూడా పాలు తాగగానే కడుపుబ్బరం, గ్యాసు వస్తుంటే, దెబ్బతిన్న పేగు కొన్నాళ్ళు లాక్టోజును, అంటే పాలలోని చక్కెరను, అరిగించుకోలేకపోవడం కారణం కావచ్చు. పెరుగన్నం, మజ్జిగ పడతాయి, ఎందుకంటే తోడు సూక్ష్మజీవులు లాక్టోజులో కొంత ముందే తినేస్తాయి. పెద్దయ్యాక పాలు పడకపోవడం మనవాళ్ళలో సహజం, అది జబ్బు కాదు. అలాంటివాళ్ళలో చాలామంది ఒక కప్పు వరకు తట్టుకుంటారు. పాల అలర్జీ సంగతి వేరు. అది ఎక్కువగా మొదటి ఏడాదిలోనే దద్దుర్లు, వాంతులు, మలంలో రక్తంగా బయటపడుతుంది. అలాంటి బిడ్డకు పెరుగూ వద్దు, నెయ్యీ వద్దు. "ఆవుపాలు పడకపోతే ఎనుము పాలు పోయ్, మేకపాలు పోయ్" అనే సలహా ఇక్కడ ప్రమాదం, వాటి ప్రొటీన్లూ దాదాపు అవే.

పాలు తగ్గిస్తే కాల్షియం ఎట్లా అన్నది అవ్వ అడిగే న్యాయమైన ప్రశ్న. జవాబు ఆమె వంటింట్లోనే ఉంది, కానీ లెక్క చూసి చెప్పాలి. 100 గ్రాముల రాగుల్లో 364 మిల్లీగ్రాముల కాల్షియం. వినడానికి ఘనంగా ఉంది, కానీ పసిబిడ్డ గిన్నె జావలో పడేది రెండు చెంచాల పిండి, 20 గ్రాములు, అంటే 70 మిల్లీగ్రాములు. కప్పు పాలలో 300 ఉంటాయి. అందుకే జావ ఒక్కటీ పాలకు బదులు కాదు, పెరుగు కలిస్తేనే ఆ లోటు చాలావరకు పూడుతుంది. 20 గ్రాముల పిండిని అరకప్పు చన్నీళ్ళలో ఉండల్లేకుండా కలిపి, మరుగుతున్న కప్పు నీళ్ళలో సన్నధారగా పోస్తూ తిప్పండి. పొడి పిండి వేడినీళ్ళలో చల్లితే ఉండ కడుతుంది, లోపల పచ్చిగా మిగులుతుంది. సన్నసెగన ఏడెనిమిది నిమిషాలకు పచ్చివాసన పోయి జావ నిగనిగలాడుతుంది. ఆరాక అరకప్పు పెరుగు చిలికి కలపండి. వేడి మీద కలిపితే విరుగుతుంది. మొలకెత్తించి పట్టించిన పిండి అయితే ఇనుము, కాల్షియం ఒంటికి ఇంకాస్త బాగా పడతాయి. ఊరినుంచి వచ్చేటప్పుడు సూట్‌కేసులో పచ్చళ్ళతో పాటు ఈ పిండికీ చోటు ఉంచుకోండి.

నాటావు పాలు, ఏ2 పాలు అంటూ రెండింతల ధర పెట్టేవాళ్ళకు ఒక మాట. ఏ1, ఏ2 అంటే పాలలోని కేసీన్ ప్రొటీన్‌లో రెండు రకాలు. నాటావుల్లో చాలావాటి పాలు, ఎనుము పాలు కూడా ఏ2 రకమే. ఏ1 పాలతో జబ్బులొస్తాయనడానికి సంబంధం రుజువు కాలేదని యూరప్ ఆహార భద్రతా సంస్థ 2009లో చెప్పింది. మన దేశంలో 2024 ఆగస్టులో ప్యాకెట్ల మీద ఏ1, ఏ2 అన్న మాటలు తీసేయమని ఆహార భద్రతా సంస్థ ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ చెప్పి, వారం తిరక్కుండానే వెనక్కి తీసుకుంది. నా ఉద్దేశంలో ఆ డబ్బు గుడ్లకూ పండ్లకూ పెట్టడం మేలు.

పిల్లలు పెద్దయ్యాక ప్రశ్న మారుతుంది. పద్నాలుగేళ్ళ అమ్మాయి బడిలో విని వచ్చి "దూడల పాలు మనమెందుకు తాగాలి?" అని అడిగితే కోప్పడకండి, ఆ జాలి మంచిదే. కానీ మాంసం, గుడ్డు ముట్టని ఇంట్లో బి12 దొరికేది పాలూ పెరుగుల్లోనే. ఆ వయసుకు రోజుకు 2.4 మైక్రోగ్రాములు కావాలి, కప్పు పాలలో సగం దాకా వస్తుంది. పాలు మానితే బి12 కలిపిన సోయాపాలు గానీ మాత్ర గానీ తప్పనిసరి. బాదం పాలలో కప్పుకు ప్రొటీన్ ఒక గ్రామే, ఆవుపాలలో 8. సోయాపాల డబ్బాను ప్రతిసారీ బాగా కుదిపి పోయమనండి, కలిపిన కాల్షియం అడుగున పేరుకుంటుంది. ఆరు నెలలకోసారి బి12 పరీక్ష చేయిస్తూ, ఆ అమ్మాయినే అవ్వకు ఫోన్ చేసి సంగటి ఎట్లా కెలకాలో అడగమనండి.