12 పేర్లు, ఒక్క ఓటు
అమెరికా పౌరసత్వం వచ్చాక నేను వేసిన తొలి ఓటు ప్రైమరీలోనే, అంటే పార్టీ అభ్యర్థిని ఓటర్లే ఎంచుకునే ఎన్నికలో. 2024 జూన్ 18, లౌడన్ కౌంటీ. అప్పటి కాంగ్రెస్ (అమెరికా పార్లమెంటు) సభ్యురాలు జెన్నిఫర్ వెక్స్‌టన్ అనారోగ్యంతో ఈసారి పోటీ చేయనని చెప్పడంతో వర్జీనియా 10వ కాంగ్రెస్ స్థానానికి డెమొక్రాట్లలోనే 12 మంది పోటీ పడ్డారు. ఇక్కడ పార్టీవారీగా ఓటరు నమోదు ఉండదు, ఏ పార్టీ బ్యాలెట్ కావాలో అక్కడే అడిగి తీసుకోవాలి. ఆ కాగితం పట్టుకుని చాలాసేపు నిలబడిపోయాను. నచ్చినవాళ్లు ముగ్గురు!

సుహాస్ సుబ్రమణ్యం సుమారు 30 శాతం ఓట్లతో గెలిచారు. రెండో విడత పోలింగ్ ఉండదు. పదిమందిలో ఏడుగురు వేరేవాళ్లను కోరుకున్నారన్న మాట నన్ను ఇంకా తొలుస్తూనే ఉంది. అయినా ఆ రాత్రి నాన్నకు ఫోన్ చేసి అంతా చెప్పాను.

"టికెట్ కూడా జనమే ఇస్తారట్రా అక్కడ?" అని రెండుసార్లు అడిగారు.