ద్వారం వారి కమాను, నెల్లూరు గాలి

ఫిడేలు కచేరీలో అందరి చూపూ ఎడమచేతి వేళ్ల మీదే. ద్వారం వెంకటస్వామినాయుడు గారి పాత రికార్డు ఏదైనా వింటే, అసలు పని కుడిచేతిదని తెలిసిపోతుంది.

ఆయన 1893లో బెంగుళూరులో పుట్టి విశాఖపట్నంలో పెరిగారు. ఫిడేలు నేర్పింది అన్న వెంకటకృష్ణయ్య గారు. నాయుడు గారికి చూపు మందం. విజయనగరం సంగీత కళాశాలలో విద్యార్థిగా చేరబోతే, 1919లో ఏకంగా ఆచార్యుడిగా తీసుకున్నారు. ఆదిభట్ల నారాయణదాసు గారి తర్వాత 1936లో ప్రిన్సిపాల్ అయ్యారు. 1941లో సంగీత కళానిధి, 1957లో పద్మశ్రీ. 1964లో పోయారు. పక్కవాద్యానికి సోలో కచేరీ మర్యాద తెచ్చినవారిలో ముందువరస ఆయనది. త్యాగరాజస్వామి పూర్వీకులది ఉమ్మడి ప్రకాశం జిల్లా కాకర్ల అని మురిసిపోతాం గానీ, ఆ కృతుల్ని తీగ మీద పాడించిన ఈయన్ని పిల్లలకు వినిపించేది తక్కువే.

ఆ నాదం కావాలంటే మొదట్లో వేళ్ల జోలికి పోకూడదు. ఫిడేలు తల కుడికాలి చీలమండ మీద కదలకుండా ఆనాలి. వేలు ఆనించని ఖాళీ తీగ మీద కమాను (తీగల మీద లాగే వెంట్రుకల కర్ర) చేత్తో పట్టుకునే పట్టు నుంచి కొసదాకా 8 అక్షరాల (తాళపు లెక్క) సేపు, మళ్లీ వెనక్కి 8. కమాను గుర్రానికి (తీగల్ని మోసే చెక్కకు) సమాంతరంగా పోవాలి. కొస దగ్గరికొచ్చేసరికి పిల్లలు మోచేయి వెనక్కి లాగేస్తారు, కమాను వంకరపోయి నాదంలో గాలి చేరుతుంది. పట్టు దగ్గరేమో చేతి బరువంతా పడి కీచుమంటుంది. అక్కడ బరువు చిటికెన వేలు మోయాలి, కొస దగ్గర చూపుడు వేలు నొక్కాలి. సరళీ వరుసల్లో ముందు స్వరానికో కమాను, తర్వాత ఒక్క కమానులో 2, 4, 8 స్వరాలు. దీనికి తొందర పడే తల్లిదండ్రులే పెద్ద అడ్డంకి.

తీగలు స ప స ప. 5 శ్రుతికైతే (పాశ్చాత్య G) పాశ్చాత్య వరుస G, D, A, E లోని మందపు తీగలు రెండూ అలాగే ఉంచి, సన్నవి రెండూ హార్మోనియం లెక్కన రెండేసి మెట్లు దించితే సరి. 1 శ్రుతికి (C) దించితే నాలుగూ వదులవుతాయి. అప్పుడు కమాను బరువు తగ్గించాలి.

ఇక మన నెల్లూరు వాతావరణం. అక్టోబరు, నవంబరు వానలకు బిరడాలు (తీగలు బిగించే చెక్క మేకులు) ఉబ్బి పట్టేస్తాయి. బలంగా తిప్పితే విరుగుతాయి. తీగ వదులుచేసి, బిరడా బయటికి లాగి, రాసుకునేచోట పొడి సబ్బు తాకించాలి. మే నెల వడగాలికి అదే బిరడా జారుతుంది, దానికి సుద్దపొడి. ఏం చేసినా ఒకసారికి ఒక్క తీగే. నాలుగూ విప్పితే గుర్రంతోపాటు, లోపల రెండు పలకల మధ్య జిగురు లేకుండా నిలిచే చిన్న కర్ర కూడా పడిపోవచ్చు. దాన్ని నిలబెట్టడం ఇంట్లో అయ్యే పని కాదు.

కమాను వెంట్రుకలు తేమకు సాగుతాయి, ఎండకు కురచబడతాయి. బిగించినప్పుడు కర్రకూ వెంట్రుకలకూ మధ్య పెన్సిలు పట్టేంత సందు చాలు. వాయించాక మర వదులు చేయకపోతే కర్ర వంపు పోతుంది. రోజనం (తీగను పట్టేందుకు వెంట్రుకలకు రాసే బంకముద్ద) నాలుగైదు సార్లు రాస్తే చాలు, ఎక్కువైతే గరగర.

ఎండలో నిలిపిన కారులో ఫిడేలు వదిలితే జిగురు కరిగి అంచులు విచ్చుకుంటాయి. అక్కడ ఫెవికాల్ పెట్టొద్దు. తోలుతో చేసే పాతకాలపు జిగురైతే తర్వాత మరమ్మతుకు విప్పడం తేలిక. ఫెవికాల్ అయితే పలకతోపాటు చెక్కపేళ్లు ఊడొస్తాయి.