కన్వర్టర్ పోయిందన్నారు, పోయింది గాస్కెట్: నా అనుభవం

డాష్‌బోర్డు మీద పసుపు ఇంజిన్ లైటు ఈరోజే ఆరింది. కోపం మాత్రం ఇంకా చల్లారలేదు.

లైటు వెలగగానే సర్వీసు కేంద్రానికి వెళ్లాను. కారు కంప్యూటర్ నమోదు చేసిన లోపాలను చదివే స్కానర్ తగిలిస్తే పీ0420 అనే లోపం కోడ్ వచ్చింది. సూపర్‌వైజర్ కారు కిందికి వంగి చూడనైనా చూడకుండా, “క్యాటలిటిక్ కన్వర్టర్ పోయిందండీ, మార్చాల్సిందే” అంటూ ఖర్చు అంచనా కాగితం చేతిలో పెట్టాడు. ఇంజిన్ పొగలోని విషవాయువులను తగ్గించే భాగం అది. ఎలా తెలిసిందంటే “కోడ్ చెబుతోంది కదండీ” అన్నాడు. ఏమని చెబుతోందో వివరించమంటే, పక్కనున్న కుర్రాడి వైపు చూసి నవ్వి, “అవన్నీ మీకెందుకు, సంతకం పెట్టండి చాలు” అన్నాడు. అందరి ముందు ఆ నవ్వుకు ఒళ్లు మండిపోయింది. పాత కన్వర్టర్ నాకే ఇవ్వాలనగానే ఆ నవ్వు మాయమైంది! లోపలి తేనెపట్టు లాంటి పింగాణీ దిమ్మకు పూసిన ప్లాటినం, పెల్లాడియం, రోడియం అనే ఖరీదైన లోహాల విలువ ఆయనకు బాగా తెలుసు. సంతకం పెట్టకుండా వచ్చేశాను.

పట్టుబట్టి చదివాను. ఆ కోడ్‌కు అర్థం కన్వర్టర్ పనితనం తగ్గినట్టు కారు కంప్యూటర్‌కు తోచిందని, అంతే. అందుకు ఆధారం కన్వర్టర్‌కు ముందొకటి, వెనకొకటి ఉండి పొగలో ఆక్సిజన్‌ను కొలిచే రెండు ఆక్సిజన్ సెన్సర్లు. నా కారులో ముందున్న దాని వోల్టేజి 0.1 నుంచి 0.9 వోల్టుల దాకా ఎగిరెగిరి పడుతుంది. కన్వర్టర్ మిగులు ఆక్సిజన్‌ను పట్టి ఉంచుకుని, దానితో కార్బన్ మోనాక్సైడ్‌ను, కాలని పెట్రోలును కాల్చేస్తుంది కనుక వెనక సెన్సర్ నిలకడగా ఉండాలి. అదీ ఊగితే ఈ కోడ్ వస్తుంది. కానీ పొగగొట్టం అతుకు దగ్గర సందు పడి బయటి గాలి చొరబడినా వెనక సెన్సర్ ఊగుతుంది, కన్వర్టర్ నిక్షేపంగా ఉన్నా సరే.

చిన్న స్కానర్ కొని గ్రాఫు చూశాను. వెనక గీత ఉండుండి కిందికి పడిపోతోంది. చల్లని ఇంజిన్ స్టార్ట్ చేస్తే కింద టిక్కుటిక్కుమనే చప్పుడు, కన్వర్టర్ ముందరి అతుకు చుట్టూ నల్లటి మసి. వేరే మెకానిక్‌కు చూపిస్తే, ఆ అతుకులో సందు లేకుండా మూసే గాస్కెట్ మార్చాడు. ఇప్పుడు గీత 0.7 వోల్టుల దగ్గర స్థిరంగా ఉంది. నిపుణులు చూడని లోపాన్ని నేను పట్టుకున్నానని గర్వంగానే చెబుతాను.

మీకూ ఇదే కోడ్ వస్తే వెనక సెన్సర్ రీడింగు చూపించమని అడగండి. చూపించకపోతే తాళాలు తీసుకుని వచ్చేయండి. లైటు మిణుకుమిణుకుమంటే మాత్రం కారు వెంటనే పక్కకు ఆపండి. అది మిస్‌ఫైర్, అంటే ఇంజిన్‌లో పెట్రోలు సరిగా మండకపోవడం. కాలని పెట్రోలు కన్వర్టర్‌లో మండి పింగాణీని కరిగించేస్తుంది. అప్పుడు నిజంగానే కొత్తది కొనాలి.