చిన్నమ్మకు బిడ్డొచ్చింది

మా చిన్నమ్మ 52 ఏండ్లకు తల్లయింది, అది కూడా తొమ్మిదేండ్ల బిడ్డకు. కల్వకుర్తిల బ్లౌజులు కుడ్తది ఆమె, తమ్ముళ్ల పెండ్లిళ్లు, మరదళ్ల కాన్పులు చూస్కుంట చూస్కుంట తన పెండ్లి ముచ్చటే వదిలేసింది. దత్తత అనంగనే చుట్టాలందరు లేచిన్రు. "మనోళ్లల్లనే ఒక పిల్లను సాదుకోరాదు?" అని ఒకరు, "పాలు తాగే పిల్లయితే మరుగుతది గాని గింత పెద్దది మరుగుతదా?" అని ఇంకొకరు.

పాలు తాగే పిల్లను ఇస్తే గదా! ఒక్కతే ఉండే ఆడామెకు 40 దాటితే రెండేండ్లలోపు పిల్లను ఇయ్యరు, 50 దాటినంక ఎనిమిదేండ్లు నిండినోళ్లే, 55 దాటితే అది కూడ లేదు. ఒంటరి మగోడికైతే ఆడపిల్లను అసలుకే ఇయ్యరు, అది మంచిదే అనుకోండి. దత్తతలు చూసే కేంద్ర సర్కారు సంస్థ 'కారా' పోర్టల్ల నేనే అప్లై చేసిన, పాన్, ఇన్కం, మెడికల్ సర్టిఫికెట్ అన్నీ స్కాన్ చేసి ఎక్కించుడు, తర్వాత సోషల్ వర్కర్ ఇంటికొచ్చి అన్నీ అడిగి రాసుకొని పోయింది. నయమేందంటే 2022 సెప్టెంబర్ నుంచి కోర్టు చుట్టు తిరుగుడు లేదు, ఆర్డర్ కలెక్టరే ఇస్తరు.

పిల్ల ఇష్టం కూడ చూడాలని చట్టంలనే ఉంది. హోంల మొదటిసారి కలిసినప్పుడు ఆ పిల్లే చిన్నమ్మను ఇంటర్వ్యూ చేసింది, "కోపమొస్తే కొడ్తవా?" అని. "తిడ్త, కొట్ట" అన్నది చిన్నమ్మ. తిట్టుడు మాత్రం నిజం, మేమందరం తిన్నయే.

ఇంటికొచ్చినంక కొన్ని రోజులు పేరు పెట్టి పిలిస్తే చాలు "ఎస్ మేడమ్" అని లేచి నిలబడేది, తిన్న ప్లేటు కడిగి గోడకు బోర్లిచ్చి లైన్ల నిలబడ్డట్టే నిలబడేది. ఇప్పుడు బ్లౌజుల కోసం వచ్చినోళ్లకు "శనివారం రాండ్రి" అని తనే చెప్పి పంపిస్తుంది, శనివారానికి కావని ఇద్దరికీ తెలుసు.

కాగితాలల్ల నా సంతకం కూడ ఒకటుంది. ఒంటరి తల్లికి రేపు ఏమన్నయితే పిల్లను చూస్కుంటమని చుట్టాలల్ల ఒకరు రాసియ్యాలె. మా అమ్మ "నీకింక పెండ్లి కాలే, ఆలోచించుకో బిడ్డా" అన్నది గాని పెట్టేసిన. మొన్న ఆ కాగితం దొరికిచ్చుకొని చదివింది పిల్ల.

"అంటే నువ్వు స్టెప్నీవా అన్నా?"

అవునన్న. గాలి ఉందో లేదో అప్పుడప్పుడు చెక్ చేస్తదంట.