మూడో ట్రాకులో వణుకు: దొంగ దొరికాడు, కానీ సగమే

రాత్రి రెండున్నరకి దొరికింది. నాలుగు వారాలు బుర్ర తినేసిన సంగతి ఇది, అందుకే నిద్ర మానుకుని రాస్తున్నాను.

మా నలుగురి మొదటి గిటార్ ఆల్బమ్. ఏడు ట్రాకులు, మాటల్లేవు, అన్నీ మా చిత్తూరు వైపు సువ్వి, కోలాటం, జోల వరసలే. ఒకటి, రెండు, నాలుగు అయిపోయాయి, బాగా వచ్చాయి. మూడోది సువ్వి, అంటే దంపుడు పాట వరస. దాని చివర ఆరో తీగ మూడో ఫ్రెట్ (గిటార్ మెడ మీది గడి) మీద జీ స్వరం ఒక్కటే మోగించి, పూర్తిగా ఆగిపోయేదాకా వదిలేస్తాం. అక్కడే గొడవ. మొదటి రెండు సెకన్లు శుభ్రంగా ఉంటుంది, ఆ తర్వాత శబ్దం తగ్గే కొద్దీ ఊగడం మొదలు. ఉయ్యాల మీద కూర్చుని వాయించినట్టు వావ్, వావ్, వావ్.

తీగలు పాతబడ్డాయేమో అనుకుని కొత్త డాడారియో తీగల సెట్ వేశాను. ఊగుతూనే ఉంది. (కోటెడ్, అంటే పైన సన్నటి పూత ఉన్న తీగలు వేయమని మా బావ పోరు. అవి ఎక్కువ కాలం వస్తాయి, ఒప్పుకుంటాను, కానీ జానపదానికి ఆ నున్నటి శబ్దం నాకు పడదు.) మిగతా తీగలు తోడు పలుకుతున్నాయేమోనని వాటి కింద గుడ్డ పెట్టాను. లాభం లేదు. రెండు మైకుల్లో పడ్డ అలలు ఒకదాన్నొకటి కొట్టుకునే ఫేజ్ గొడవేమోనని ఒక్క ఎస్‌ఎం57 మైకుతోనే తీశాం. అదే. డ్రెడ్‌నాట్ (పెద్ద పొట్ట గిటార్) బాడీలో గాలి 100 హెర్ట్జ్ చుట్టుపక్కలే మోగుతుంది కదా, గిటార్ బాడీదే తప్పేమోనని మేనల్లుడి యమహా ఎఫ్310 మీద వాయించాం. దాంట్లోనూ అంతే. ఒకటి మాత్రం గమనించాం: కేపో (తీగలన్నిటినీ నొక్కి శ్రుతి పెంచే క్లిప్పు) రెండో ఫ్రెట్‌లో పెట్టి వాయిస్తే ఊగదు. అప్పుడే అర్థం కావాల్సింది, కాలేదు.

నిన్న రికార్డింగ్ సాఫ్ట్‌వేర్ రీపర్‌లో ఆ ఒక్క స్వరాన్ని పెద్దది చేసుకుని ఉబ్బులు లెక్కపెట్టాను. పది సెకన్లలో సరిగ్గా ఇరవై. అంటే సెకనుకి రెండు. ఆ జీ 98 హెర్ట్జ్. దగ్గర దగ్గర శ్రుతులు రెండు కలిసి మోగితే వాటి తేడా ఎంతో సెకనుకి అన్నిసార్లు ఊగుతుంది, కాబట్టి పక్కన 100 దగ్గర ఇంకేదో మోగుతుంటే తప్ప ఈ లెక్క కుదరదు. ఎవరూ వాయించకుండా గదిని మాత్రమే రికార్డు చేసి స్పెక్ట్రమ్ (ఏ హెర్ట్జ్ ఎంత గట్టిగా ఉందో చూపే గ్రాఫ్) చూస్తే 100 దగ్గర సూదిలా నిలబడి ఉంది, మైనస్ 58 డీబీ (మైనస్ అంకె పెరిగే కొద్దీ శబ్దం తక్కువ). కరెంటు 50 హెర్ట్జ్, దాని హమ్, అంటే గుయ్ శబ్దం, దానికి రెట్టింపు, 100. ఫ్యాను, ట్యూబ్‌లైటు ఎప్పుడూ ఆపేసే వాయిస్తాం. కింద ఫ్రిజ్ ఆపించాను, ఏమీ మారలేదు. మేనల్లుడు "మెయినే ఆపేద్దాం మామా" అని వెళ్లి ఆపాడు, అంతే, మెట్ల కింద ఇన్వర్టర్ లేచి ఇంకా గట్టిగా గుయ్‌మంది. దాన్ని కూడా ఆపి, ల్యాప్‌టాప్ బ్యాటరీ మీద తీస్తే మైనస్ 64. తగ్గింది గానీ పోలేదు. కిటికీ తీశాక తెలిసింది, సందు మలుపులో కరెంటు ట్రాన్స్‌ఫార్మర్. పదేళ్లుగా ఈ తిరుపతి బైరాగిపట్టెడ గదిలో పడుకుంటున్నాను, ఒక్కరోజు కూడా వినపడలేదు.

కిటికీకి పరుపు అడ్డం పెట్టాం, దాని మీద మూడు జంపఖానాలు. అర డీబీ కూడా తగ్గలేదు. 100 హెర్ట్జ్ అల పొడవు దాదాపు మూడున్నర మీటర్లు, దానికి పరుపు ఏం అడ్డు? గోడలకి గుడ్ల ట్రేలు అతికించమని సలహా ఇచ్చేవాళ్లకి కూడా ఇదే జవాబు, ఆ ట్రేలు బొద్దింకలకి తప్ప దేనికీ పనికిరావు. తర్వాత బావకో ఐడియా వచ్చింది: "దాన్ని ఆపలేం కదా సామీ, మనమే దాని శ్రుతికి పోదాం." నాలుగు గిటార్లూ 35 సెంట్లు (అర స్వరంలో వందో వంతు ఒక సెంటు) పైకి, అంటే మామూలుగా 440 హెర్ట్జ్ ఉండే ఏ స్వరం 449కి వచ్చేలా పెంచాం. నిజంగానే ఊగుడు పోయింది! ట్రాన్స్‌ఫార్మర్‌నే శ్రుతిపెట్టెగా పెట్టుకున్నట్టు. కానీ ఈ ట్రాకులోనే పిల్లనగ్రోవి 440లో తీసేసి ఉంది, రెండూ కలిపి వింటే పళ్లు పులిశాయి. తీగలన్నీ మళ్లీ కిందికి.

చివరికి పని చేసింది కొలత టేపు. గది పొడవు 11 అడుగుల 4 అంగుళాలు. అంటే ఆ 100 హెర్ట్జ్ అల గదిలో సరిగ్గా ఇమిడిపోయి, గోడల దగ్గరా నడిమధ్యా గట్టిగా, పొడవులో పావు దూరం దగ్గర బలహీనంగా ఉండాలి. మేం మొదటి నుంచీ రికార్డు చేస్తున్నది ఎక్కడ? నడిమధ్య, బుద్ధిగా చాప వేసుకుని. మైకుని కిటికీ గోడ నుంచి 2 అడుగుల 10 అంగుళాలకి జరిపితే మైనస్ 73. అటూ ఇటూ అర అడుగు జరిగినా మళ్లీ లేస్తోంది. అక్కడ కూర్చుని ఆ జీ వాయించాను. ఆరు సెకన్ల దాకా ఊగలేదు, ఆ తర్వాత చాలా సన్నగా, హెడ్‌ఫోన్లలో చెవి పెట్టి వింటేనే. దాన్ని ఫేడ్‌తో, అంటే చివర శబ్దం మెల్లగా తగ్గించి, కప్పేయొచ్చు. ఒక్కో హెర్ట్జ్ దగ్గర శబ్దం తగ్గించే ఈక్యూలో 100ని కోసేయొచ్చు కదా అంటారు, కోస్తే పక్కనే ఉన్న 98 కూడా సన్నబడి వరస నడుము విరుగుతుంది, చేసి చూశాను.

ఇప్పుడు చిక్కు ఏంటంటే ఆ చోట ఒక్కరే పడతారు, పైగా అక్కడ మంచం ఉంది. కాబట్టి నలుగురం ఒకేసారి వాయించడం అనే నా పట్టుదల మూడో ట్రాకుకి మాత్రం వదులుకుంటున్నాను. వచ్చే వారం గంగ జాతర, డప్పుల మధ్య రికార్డింగ్ కుదరదు, ఆ వారం ఫోను పట్టుకుని డప్పుల నడకలు తీసుకుంటా, ఆరో ట్రాకుకి కావాలి. చంద్రగిరి దగ్గర మా తాత ఇంట్లో అన్నీ ఒకేసారి తీస్తే ఎలా ఉంటుందని కూడా ఆలోచన, అక్కడ ట్రాన్స్‌ఫార్మర్ దూరం, కానీ నెమళ్లు దగ్గర.

ఐదోది డీలో ఉంది, ఆరో తీగని డీకి దించి వాయిస్తాం, 73 హెర్ట్జ్, కాబట్టి భయం లేదు అని రాయబోయి నొటేషన్ చూశాను. రెండో చరణం చివర్లో ఆరో తీగ ఐదో ఫ్రెట్, నాలుగు మాత్రల జీ.