పెడన చీర కట్టుకుని కేప్ కోస్ట్ వెళ్లిన రోజు

ఘనా రాజధాని అక్రాలో మా అమ్మాయి దగ్గర నెలన్నర ఉండి వచ్చాను. ఆ నెలన్నరలో ఊరు దాటింది ఒక్కసారే. టూర్ వాళ్ల వ్యానులో, గైడ్‌ని వెంటపెట్టుకుని, పొద్దున ఆరింటికి బయల్దేరి రాత్రి తొమ్మిదిన్నరకి ఇల్లు చేరాం. చూసింది కేప్ కోస్ట్, ఎల్మినా అనే రెండు సముద్రపు ఊళ్లు, అక్కడి పాత బానిసల కోటలు. తిరిగొచ్చాక చుట్టాలు "ఆఫ్రికాలో ఏం చూశావు వదినా?" అని అడుగుతుంటే అడవి గురించో, చేపల గురించో చెప్పి తప్పించుకుంటున్నాను. అసలు సంగతి నోటితో చెప్పడం కుదరడం లేదు. అందుకే రాస్తున్నాను.

ముందు చీర సంగతి చెప్పాలి. నేను పుట్టింది మచిలీపట్నం పక్కనున్న పెడనలో. మా నాన్నది అద్దకం పని. టేకు అచ్చులు, కరక్కాయ నీళ్లలో ముంచి ఆరేసిన గుడ్డ, బెల్లంలో ఇనప తుక్కు నానేసి తీసిన నలుపు, పటిక అద్దిన చోట ఉడకేశాక తేలే ఎరుపు... వీటి మధ్యే పెరిగాను. ఎక్కడికి వెళ్లినా పెడన కలంకారీ చీర ఒకటి పెట్టెలో ఉంటుంది. ఆ మంగళవారం అదే కట్టుకున్నాను. నూలు చీర, ఎండకి హాయి అన్న ఒక్క ఆలోచనే తప్ప వేరే ఏమీ లేదు.

వ్యానులో ఎనిమిది మందిమి. మా అమ్మాయి, నేను, ఒక జర్మన్ జంట, ఇద్దరు కుర్రాళ్లు, అమెరికా నుంచి వచ్చిన డెబ్బై ఏళ్ల నల్లజాతి ఆవిడ, ఆవిడ మనవరాలు. ఆ పెద్దావిడ నా పక్క సీట్లో కూర్చుని, కొంగు అంచు వేళ్లతో పట్టుకుని చూసి, "ఇది చేత్తో వేసిన అచ్చేనా?" అని అడిగారు. అవునని చెప్పి, మా నాన్న గురించి, మా ఊరి గురించి చాలాసేపు గర్వంగా మాట్లాడాను. నా ఇంగ్లీషు నెమ్మది. ఆవిడ ఓపిగ్గా విన్నారు.

అక్రా నుంచి కేప్ కోస్ట్ సుమారు 145 కిలోమీటర్లు. దూరం తక్కువే కానీ కసోవా దగ్గర ట్రాఫిక్‌లో చిక్కుకుంటే గంట ఎటు పోయిందో తెలియదు. ఆగిన బండ్ల మధ్య ఆడవాళ్లు తలమీద బేసిన్లు పెట్టుకుని నీళ్ల ప్యాకెట్లు, అరటి చిప్స్ అమ్ముతూ పరుగులు పెడతారు. చిల్లర అందేలోపు బండి కదిలితే వెంట పరిగెత్తి మరీ మిగతా సీడీలు (అక్కడి డబ్బు) మన చేతిలో పెడతారు. జనవరి కావడంతో సహారా నుంచి వీచే హర్మట్టన్ గాలి దుమ్ము ఆకాశమంతా కమ్మేసింది. సూర్యుణ్ణి కళ్లు చికిలించకుండా చూడొచ్చు.

వెళ్లాలనుకునే వాళ్లకి ఒక మాట. ఈ ఒక్క రోజు టూర్లలో చాలావాటిలో కాకుమ్ అడవిని కూడా కలిపేస్తారు. చెట్ల కొమ్మల ఎత్తులో తాళ్లతో కట్టిన ఏడు వేలాడే వంతెనలు, మొత్తం 350 మీటర్లు. బాగుంటుంది, కాదనను. మమ్మల్ని ముందు అక్కడికే తీసుకెళ్లారు. ఆ మూడు గంటలూ కోటల్లో గడపాల్సిన సమయంలోంచే పోయాయి. బుక్ చేసేటప్పుడే అడవి వద్దని గట్టిగా చెప్పండి, లేదా ఒక రాత్రి కేప్ కోస్ట్‌లో ఉండండి.

కేప్ కోస్ట్ ఒకప్పుడు రాజధాని. బ్రిటిష్ వాళ్లు గోల్డ్ కోస్ట్ అని పిలిచిన ఈ దేశాన్ని 1877 దాకా ఈ ఊరి నుంచే ఏలారు, ఆ తర్వాత అక్రాకి మారారు. ఊరి మధ్యలో, అలలు కొట్టే రాళ్ల మీద కోట ఉంది. తెల్ల సున్నం, సముద్రం వైపు వరసగా ఫిరంగులు. 1653లో స్వీడన్ వాళ్లు మొదలుపెట్టిన చిన్న స్థావరం చేతులు మారి, 1660లలో ఇంగ్లీషు వాళ్లకి చిక్కింది. వాళ్లు దాన్ని పెంచుకుంటూ పోయారు. లోపల టూర్ వాళ్ల గైడ్ మాట్లాడకూడదు, కోట గైడే తిప్పాలి. మాకు వచ్చినతను ముప్పై ఏళ్ల యువకుడు, ఈ తీరంలో ఉండే ఫాంటే జాతివాడు. గొంతు పెంచడు, తొందరపడడు.

బానిసలుగా అమ్మడానికి పట్టుకొచ్చిన మగవాళ్లని ఉంచిన నేలమాళిగలోకి ఏటవాలు దారిలో దిగాలి. పైన ఎక్కడో గోడకి చిన్న కంత, అంతే వెలుతురు. ఒక్కో గదిలో వందల మందిని వారాలు, నెలల తరబడి, ఓడ వచ్చేదాకా ఉంచేవారు. గైడ్ మమ్మల్ని నిలబెట్టి లైటు తీసేశాడు. ఆ చీకట్లో పెద్దావిడ ఊపిరి నాకు వినిపించింది. లైటు వేశాక అతను కాళ్ల కింద చూపించాడు. మేం రాతి నేల అనుకున్నది చాలా చోట్ల రాయి కాదట. ఏళ్ల తరబడి పేరుకుని గట్టిపడిన మలమూత్రాలు, రక్తం, చెమట. తవ్వకాల్లో ఆ పొర తీస్తేనే అసలు నేల బయటపడింది. ఈ గదులకి సరిగ్గా పైన ప్రార్థన మందిరం ఉండేది.

చివరి గదిలో ఒక చిన్న గుడి ఉంది. కోట కట్టకముందు నుంచీ ఆ రాతిని ఊరివాళ్లు నానా తాబిర్ అనే దేవతగా కొలిచేవారట. ఇప్పుడు మళ్లీ అక్కడే పూజారి కూర్చుంటున్నాడు. వెనక గోడలో మూసేసిన సొరంగం గుర్తు. ఓడల వైపు తీసుకెళ్లిన దారి అదే.

పైకి వచ్చాక మ్యూజియంలో గైడ్ ఓ మాట అన్నాడు. ఒక మనిషికి బదులు ఓడలవాళ్లు ఏం ఇచ్చేవాళ్లో వరసగా చెప్తున్నాడు. తుపాకులు, మందుగుండు, సారా, ఇత్తడి పళ్లేలు, ఇనప కడ్డీలు, గవ్వలు, పూసలు. "అన్నిటికంటే ఎక్కువగా గుడ్డ. అందులో చాలా భాగం ఇండియా గుడ్డ" అన్నాడు. అని, నా చీరవైపు ఒక్కసారి చూసి, చూపు తిప్పుకున్నాడు. నింద ఏమీ లేదు ఆ చూపులో. కానీ నాకు కాళ్లు ఆడలేదు.

నేను ఇరవై ఎనిమిదేళ్లు సోషల్ టీచర్‌ని. మచిలీపట్నంలో డచ్చి వాళ్లు 1605లో, ఇంగ్లీషు వాళ్లు 1611లో వర్తక స్థావరాలు పెట్టారని ఎన్ని క్లాసులకి చెప్పానో లెక్కలేదు. మన తీరంలో నేసిన గుడ్డ కోసం వాళ్లు ఎంత పోటీ పడ్డారో, నరసాపురం దగ్గరి మాధవాయపాలెం పేరే 'మదపోలం' అనే బట్టకి ఎలా వచ్చిందో, పిల్లలకి ఛాతీ ఉప్పొంగేలా చెప్పేదాన్ని. నా పాఠం రేవు దగ్గర ఆగిపోయేది. గుడ్డ మూటలు ఓడెక్కేవి, గంట కొట్టేవాళ్లు. ఆ ఓడ ఎటు వెళ్లిందని ఒక్క పిల్లవాడూ అడగలేదు, నేనూ అడగలేదు.

ఇప్పుడు చదివి తెలుసుకున్నాను. ఇంగ్లండులో ఊలు, పట్టు నేసేవాళ్లు గొడవ చేస్తే 1700లో ఒకసారి, 1721లో ఇంకోసారి చట్టాలు చేసి, మన అద్దకం బట్టలు అక్కడివాళ్లు వాడకుండా ఆపారు. కానీ లండన్‌లో దింపి మళ్లీ బయటి దేశాలకి పంపడానికి అడ్డు లేదు. అలా వేలం పాడుకున్న సరుకులో ఎంతో ఆఫ్రికా వెళ్లే ఓడల్లోకి ఎక్కింది. కోరమాండల్ తీరపు నీలి గుడ్డకి వర్తకుల లెక్కల్లో 'గినీ గుడ్డ' అన్న పేరే స్థిరపడింది. గినీ అంటే ఈ తీరమే.

'తిరిగిరాని ద్వారం' అని రాసి ఉన్న పెద్ద తలుపులు తీసి గైడ్ మమ్మల్ని బయటికి నడిపించాడు. బయట ఎదురుగా పడవలు, వందల కొద్దీ. రంగురంగుల బోర్డులు, జెండాలు, పడవల పక్కల మీద దేవుడి మాటలు. మంగళవారం ఫాంటే జాలర్లు సముద్రంలోకి పోరు, అది సముద్ర దేవతకి వదిలిన రోజు. అందుకని పడవలన్నీ ఒడ్డునే ఉన్నాయి, మగవాళ్లంతా వలలు బాగుచేసుకుంటున్నారు, పిల్లలు బంతాట ఆడుతున్నారు. వెనక్కి తిరిగితే అదే గుమ్మం మీద బయటివైపు 'తిరిగి వచ్చే ద్వారం' అని ఉంటుంది. 1998లో అమెరికా నుంచి, జమైకా నుంచి ఇద్దరు బానిసల అస్థికలు తెచ్చి ఆ గుమ్మంలోంచి లోపలికి తీసుకొచ్చారు. పెద్దావిడ మనవరాలి చెయ్యి వదిలేసి, ఒక్కరే, చాలా నెమ్మదిగా ఆ గుమ్మం దాటి లోపలికి నడిచారు. మేమంతా ఆగిపోయాం. ఫొటో తీయడానికి ఎవరికీ చేతులు రాలేదు.

మధ్యాహ్నం అరటాకులో చుట్టి ఉడికించిన ఫాంటే కెంకే, వేయించిన చేప, మిరపకాయ పచ్చడి తిన్నాం. పులిసిన మొక్కజొన్న పిండి ముద్ద అది. పుల్లగా, కమ్మగా ఉంది. మామూలు రోజైతే నాలుగు ముద్దలు తినేదాన్ని.

ఎల్మినా అక్కడికి దగ్గరే, ఇరవై నిమిషాలు. అప్పటికి మూడున్నర అయింది. బెన్యా అనే ఉప్పుకయ్య మీద వంతెన, దాని కింద కిక్కిరిసిన పడవలు, అవతల కోట. 1482లో పోర్చుగీసు వాళ్లు బంగారం కోసం కట్టారు. ఎల్మినా అన్న పేరులో ఉన్నదీ గని అన్న మాటే. 1637లో డచ్చి వాళ్లు ఎదురుగా ఉన్న గుట్టమీద ఫిరంగులు ఎక్కించి దాన్ని పట్టుకున్నారు. తర్వాత రెండు వందల ఏళ్లకి పైగా వాళ్లదే. మా బందరులో డచ్చి వాళ్ల సమాధుల తోట ఉంది. చిన్నప్పుడు మా నాన్న చెయ్యి పట్టుకుని ఆ రాళ్ల మీది అక్షరాలు తడిమాను. ఎల్మినాలోనూ డచ్చి శ్మశానం ఉందని గైడ్ చెప్పాడు. చూడ్డానికి టైము లేదు. అడవిలో పోయిన ఆ మూడు గంటల్లో ఒకటి నాకు అక్కడ కావాల్సింది.

కోట లోపల ఆడవాళ్లని ఉంచిన చిన్న పెరడు చుట్టూ చీకటి గదులు, పైన గవర్నరు బాల్కనీ. అక్కడ నిలబడి కింద ఉన్నవాళ్లలో ఒకరిని చూపించేవాడట. లొంగనివాళ్లని కట్టేసిన ఇనప గుండు ఆ పెరట్లో ఇంకా ఉంది. మా అమ్మాయి నా భుజం మీద తల పెట్టి "అమ్మా, వెళ్దాం" అంది. పైఅంతస్తులో, 1896లో బ్రిటిష్ వాళ్లు అశాంతే రాజు మొదటి ప్రెంపేని బంధించిన గది చూపించారు. ఇక్కడి నుంచి సియెర్రా లియోన్‌కి, అటునుంచి సెషెల్స్ దీవులకి పంపేశారు. సొంత గడ్డ మీద మళ్లీ అడుగుపెట్టింది 1924లో.

తిరుగు ప్రయాణంలో చీకటి పడింది. పెద్దావిడ మళ్లీ నా పక్కనే కూర్చున్నారు. మ్యూజియంలో గైడ్ అన్న మాట ఆవిడా విన్నారు. ఎలా మొదలుపెట్టాలో తెలియక, మాంకెసిమ్ దాటాక, పొద్దున నేను మా ఊరి గురించి చెప్పింది సగమేనని, మిగతా సగం నాకూ ఇవాళే తెలిసిందని అన్నాను.

ఆవిడ కాసేపు మాట్లాడలేదు. తర్వాత, "నేసినవాళ్లకి తెలుసా?" అని అడిగారు.

తెలిసి ఉండదన్నాను. కంపెనీ మనుషులు ముందే బయానా ఇచ్చి, ఆ అప్పుతో కట్టిపడేసి నేయించుకునేవాళ్లని, గుడ్డ రేవు దాటాక దాని దారి సాలెవాడికి ఎవరూ చెప్పేవాళ్లు కాదని నాకు తెలిసినంత చెప్పాను. అది క్షమాపణలా వినిపించకూడదనుకున్నాను, వాదనలా కూడా వినిపించకూడదనుకున్నాను. ఎలా వినిపించిందో మరి.

ఆవిడ బ్యాగులోంచి చిన్న నోటుపుస్తకం తీశారు. అందులో ఆ రోజు చూసిన పేర్లన్నీ రాసుకున్నారు. "మీ ఊరి పేరు మళ్లీ చెప్పండి" అన్నారు. పెడన అన్నాను. రాసుకుని, అక్షరాలు సరిగ్గా ఉన్నాయో లేదో చూడమని పుస్తకం నాకిచ్చారు. కసోవా ట్రాఫిక్‌లో ఎదురు బండ్ల లైట్ల వెలుగులో చూశాను. ఎల్మినా కింద గీతలో ఉంది మా ఊరు.