నాలుగు వైపుల స్తంభం, మూడు భాషల గుట్ట

హనుమకొండలో కాపురం పెట్టి ఇన్నేళ్లయినా పద్మాక్షి గుట్టంటే నాకు బతుకమ్మే. సద్దుల నాడు కింద గుండం ఒడ్డున పూలు, పాటలు, తొక్కిసలాట. జైనం గురించి కాస్త చదవడం మొదలుపెట్టాక ఆ గుట్టకే ఇంకో పని మీద పోవాలనిపించింది. మా ఆడపడుచుతో అన్నాను. ఆయనకు అక్క, నాకు వదిన. "అమ్మోరి కాడికి పోనీకి వేరే పనేంది పిల్లా? నేను గూడ వస్త, ఆగు" అంది.

ఆమెకు కావాల్సింది దర్శనం. నాకు కావాల్సింది గుడి ముందున్న రాతి స్తంభం.

గ్రానైటు స్తంభం అది, నలుపలకలుగా ఉంటుంది. నాలుగు వైపులా కూర్చున్న తీర్థంకరుల, అంటే జైనులు కొలిచే గురువుల బొమ్మలు చెక్కారు. దాని మీది శాసనం 1117 నాటిది. కాకతీయ రెండవ ప్రోలరాజు మంత్రి బేతన పెర్గడ భార్య మైలమ ఇక్కడ కడలాలయ బసది, అంటే జైన గుడి కట్టించిందని అందులో ఉంది. తొమ్మిది వందల ఏళ్ల కిందట ఒక ఆడమనిషి గుడి కట్టించి తన పేరు రాతిలో రాయించుకుంది. ఈ సంగతి మన వీధుల్లో ఎంతమందికి తెలుసో! లోపల పసుపు కుంకుమలతో అమ్మవారు, అదే రాతిగోడకు తీర్థంకరుడు పార్శ్వనాథుడు. జైనులకు ఆ అమ్మవారు తీర్థంకరుడిని కొలిచే యక్షి, అంటే పరివార దేవత. వదినకు అమ్మోరు. వదిన ఇద్దరికీ ఒకే కొబ్బరికాయ కొట్టి, నా వైపు చూసి "ఇగ నీ కంబం జూసుకో" అంది.

చుట్టూ తిరిగి చూశాను. జైనుల అనేకాంతవాదం గురించి జనం మాట్లాడే తీరు నాకు కొంచెం చిరాకు. ఎవరి మాట వాళ్లకు కరెక్టే, గొడవ వద్దు అన్నట్టు దాన్ని తేల్చేస్తారు. నిజానికి అది చాలా కచ్చితమైన లెక్క. ఒక వస్తువు గురించి ఏదన్నా చెప్పావంటే ఏ వైపు నిలబడి చెబుతున్నావో కూడా చెప్పాలి. చెప్పకపోతే ఆ మాట నిలవదు. ఆత్మ విషయంలోనూ అంతే. మారనిదే అసలైన ఆత్మ అని ఒక పక్క అద్వైతులు, మారుతూ పోయే క్షణాలే తప్ప వెనక ఆత్మ అంటూ లేదని ఇంకో పక్క బౌద్ధులు. జైనులు జీవుడిని ద్రవ్యంగా, అంటే అసలు పదార్థంగా చూస్తే నిత్యమని, పర్యాయాలుగా, అంటే మారే స్థితులుగా చూస్తే అనిత్యమని అన్నారు. రెండూ నిజమే, కానీ రెంటినీ ఒకే చూపుతో చూడకూడదు.

సమంతభద్రుడనే ఆచార్యుడు దీనికి ఒక ఉదాహరణ ఇచ్చాడు. బంగారు కుండను కరిగించి కిరీటం చేశారు. కుండ కావాలనుకున్నవాడు ఏడ్చాడు. కిరీటం కావాలనుకున్నవాడు సంతోషించాడు. బంగారం చాలనుకున్నవాడు ఏమీ అనలేదు. ముగ్గురికీ సరైన కారణమే ఉంది.

అగ్గలయ్య గుట్ట కూడా చూసేశాం. కొండరాతిలో నిలువెత్తు కంటే ఎంతో పెద్ద తీర్థంకరులు. ఆ అగ్గలయ్య జైన వైద్యుడట అంటే వదిన "మోకాళ్లకు మందిచ్చేటోడా?" అని అడిగింది.

ఇంకో రోజు కరీంనగర్ ఎక్స్‌ప్రెస్ ఎక్కాం. ఆడవాళ్లకు జీరో టికెట్ కదా, ఆధార్ తీశాను. కండక్టరు కార్డు చూశాడు, నేను ఒక ముక్క మాట్లాడగానే మళ్లీ కార్డు చూశాడు. "అడ్రస్ ఈడిదే ఉంది, మాట గుంటూరుది లెక్కున్నది" అన్నాడు నవ్వుతూ. నేను నోరు తెరిచేలోపే వదిన అందుకుంది. "మా తమ్ముని భార్య. ముప్పై ఏండ్లాయె, మాట మారకపాయె, ఏం జేస్తం!" బస్సులో సగం మంది నవ్వారు. నేనూ నవ్వాను, కొంచెం ఆలస్యంగా.

కరీంనగర్ దాటి జగిత్యాల రోడ్డులో గంగాధర మండలం కురిక్యాల. ఊరి దగ్గరే బొమ్మలగుట్ట. ఎక్కలేక వదిన సగంలోనే కూర్చుంది, నేను పైదాకా పోయాను. బండరాతి మీద జైన దేవత చక్రేశ్వరి, తీర్థంకరులు, కింద శాసనం. పదో శతాబ్దంలో, 945 ప్రాంతంలో, జినవల్లభుడు వేయించాడు. సంస్కృతం, కన్నడం, తెలుగు మూడూ ఉన్నాయి. తెలుగులో ఉన్నవి కంద పద్యాలు. తెలుగుకు 2008లో ప్రాచీన భాష హోదా వచ్చేముందు ఈ రాయిని గట్టి సాక్ష్యంగా చూపించారు.

జినవల్లభుడి అన్న పంపడు కన్నడానికి ఆదికవి, వేములవాడ చాళుక్యుడు రెండవ అరికేసరి ఆస్థానంలో ఉన్నాడు. వీళ్ల పూర్వులది వేంగినాడులోని వంగిపర్రు. అది మా గుంటూరు వైపు ఊరేనని చరిత్రకారులంటారు. పుట్టుక బ్రాహ్మణ కుటుంబం, పట్టుకున్న మతం జైనం, అన్నకు పేరు తెచ్చింది కన్నడం, తమ్ముడు తెలుగులో కూడా పద్యం చెక్కించింది కరీంనగర్ గుట్ట మీద. ఇందులో ఏది అసలు, ఏది పైపూత అని వాళ్లెవరూ తేల్చలేదు. వంశం, ఊరు, మతం వరసగా చెప్పుకుంటూ పోయారు.

2014 జూన్‌లో తెలంగాణ రాష్ట్రం ఏర్పడిన ఆ అర్ధరాత్రి గుర్తొచ్చింది. వీధిలో టపాసులు, మా ఇంట్లో మిఠాయిలు, నా పిల్లలు గుమ్మంలో డాన్సు. ఫోన్‌లో అటుపక్క మా నాన్న, ఏం మాట్లాడాలో తెలియని గొంతు. నేను పిల్లల కోసం సంబరపడ్డాను, నటన కాదు. నాన్న కోసం ఏడ్చాను, అదీ నటన కాదు. తెలుగు తెలుగే కదా, ఎక్కడికి పోతుంది అని ఊరుకున్నాను కూడా. సమంతభద్రుడి కథలో ఏడ్చినవాడు, నవ్వినవాడు, ఊరుకున్నవాడు వేర్వేరు మనుషులు. ఆ రాత్రి ముగ్గురూ నేనే. జైనుల సప్తభంగిలో, అంటే ఒక విషయాన్ని చెప్పే ఏడు తీరుల్లో, 'అవక్తవ్యం' అని ఒక మెట్టుంటుంది, ఉందని లేదని ఒకేసారి ఒకే మాటలో చెప్పలేని చోటు. పుస్తకంలో చదివినప్పుడు అది తర్కం వాళ్లు తప్పించుకునే దారి అనుకున్నాను. ఇప్పుడు అలా అనను.

కిందికి వచ్చి వదినకు చెప్పాను. ఆమె ఆ రాత్రి బాగా డాన్సు చేసినవాళ్లలో ఒకతె. కాసేపు ఏమీ అనలేదు. తర్వాత "నువ్వు ఏడ్సినవని నాకెర్కనే. వంటింట్ల చూసిన. పండుగ పూట అడుగుడెందుకని ఊకున్న" అంది.

తర్వాత కొలనుపాక పోదామనుకుంటున్నాం. కాజీపేటలో రైలెక్కితే ఆలేరులో దిగొచ్చు, అక్కడి నుంచి ఆటో. ఆ ఒక్క ఊళ్లోనే ఆదినాథుడి జైన మందిరమూ ఉంది, వీరశైవుల సోమేశ్వరాలయమూ ఉంది. మొదట ఏ గుడికి పోవాలో తేలక మా ఇద్దరికీ పంచాయితీ ఇంకా నడుస్తోంది. సోమేశ్వరుడి దగ్గర నైవేద్యం పెట్టందే టీ కూడా తాగనంటోంది వదిన.